డ్రైవర్ ఎక్కడం లేదా? డీఎల్ఎల్ ఫైల్ కోసం వెతక్కండి, ఇలా చేయండి

కంప్యూటర్‌కి తగిలించిన పరికరాన్ని విండోస్ చేత పనిచేయించే సాఫ్ట్‌వేర్‌ని డ్రైవర్ అంటారు, ప్రోగ్రాములు పనికి పిలుచుకునే సహాయక ఫైల్‌ని డీఎల్ఎల్ అంటారు. ప్రింటరో, వేలిముద్ర మిషనో, కాటా కేబులో కొత్తగా తగిలించి సెటప్ నొక్కగానే, "డీఐఎఫ్ఎక్స్ఏపీఐ డాట్ డీఎల్ఎల్ దొరకలేదు, ప్రోగ్రామ్ మళ్లీ ఇన్‌స్టాల్ చేయండి" అని ఒక పెట్టె తెర మీదికి వచ్చిందా? అయితే ఆ ఫైల్ పేరు గూగుల్‌లో కొట్టకండి. కొట్టారంటే మొదటి పేజీ నిండా "ఈ ఫైల్ ఉచితంగా దించుకోండి" అనే సైట్లే కనబడతాయి. అసలు టెన్షన్ అక్కడే మొదలవుతుంది.

మాది పర్లాకిమిడి, ఒడిశాలో గజపతి జిల్లా. ఆటో ఎక్కితే కాసేపట్లో పాతపట్నం, అంటే ఆంధ్ర. జిరాక్సు, డీటీపీ, కంప్యూటర్ రిపేరు, అన్నీ కలిపి ఒకటే కొట్టు. వచ్చేవాళ్లు తెలుగు మాట్లాడతారు, నింపాల్సిన ఫారాలు ఒడియాలో ఉంటాయి, కంప్యూటర్ మాత్రం ఇంగ్లీషులో అడ్డం తిరుగుతుంది. వాడుక భాష కోసం గిడుగు రామమూర్తి గారు పట్టుబట్టి పనిచేసింది ఈ ఊళ్లోనే కాబట్టి, ఈ డ్రైవర్ల గొడవను కూడా మన మాటల్లోనే చెప్పుకోవచ్చని నా నమ్మకం.

మొన్నామధ్య కాశీనగరం నుంచి ఒక మాస్టారు వచ్చారు. ఇంట్లో పాత ప్రింటర్, కొత్త ల్యాప్‌టాప్. ల్యాప్‌టాప్‌కి సీడీ డ్రైవ్ లేదు కాబట్టి, బడిలో ఉన్న కంప్యూటర్‌లో సీడీ పెట్టి, పెన్ డ్రైవ్‌లోకి ఫైల్ కాపీ చేసుకున్నారు. ఇంటికెళ్లి నొక్కితే పైన చెప్పిన పెట్టె వచ్చింది. నెట్‌లో ఆ పేరుతో దొరికిన ఫైల్ దించి విండోస్ తన సొంత ఫైళ్లు పెట్టుకునే సిస్టమ్32 ఫోల్డర్‌లో వేశారు. అప్పుడు ఇంకో ఎర్రర్, సున్నా ఎక్స్ తర్వాత సీతో మొదలై 7బీతో అయిపోయే పొడుగాటి నంబరు. "ఏటి బాబూ, అడిగిన ఫైలే పెట్టాను కదా, ఇంకేటి కావాలంట దీనికి?" అన్నారు. పెన్ డ్రైవ్ తెరిచి చూస్తే అందులో ఉన్నది సెటప్ ఫైల్ ఒక్కటే. సీడీలో దాని పక్కన ఉన్న నాలుగు ఫోల్డర్లూ సీడీలోనే ఉండిపోయాయి. ఆ డీఎల్ఎల్ కూడా ఆ ఫోల్డర్లలో ఒకదాంట్లోనే ఉంది.

నేను చూసినంతలో ఈ ఎర్రర్‌కి ఎక్కువగా ఇదే కారణం. ఫైల్ పోలేదు, మనం వెంట తెచ్చుకోలేదు. జిప్ ఫైల్ లోపలికి వెళ్లి, బయటికి తీయకుండా అక్కడే సెటప్ మీద రెండుసార్లు నొక్కినా అచ్చంగా ఇదే జరుగుతుంది. విండోస్ ఆ ఒక్క సెటప్ ఫైల్‌ని మాత్రం తాత్కాలిక ఫోల్డర్‌లోకి తీసి నడిపిస్తుంది, దానికి తోడుగా ఉండాల్సినవి లోపలే ఉండిపోతాయి. కాబట్టి ముందుగా చేయాల్సింది ఇది: జిప్ మీద రైట్ క్లిక్ చేసి ఎక్స్‌ట్రాక్ట్ ఆల్ నొక్కండి, సీడీ అయితే సీడీ మొత్తాన్ని ఒక ఫోల్డర్‌లోకి కాపీ చేయండి, ఆ ఫోల్డర్‌లోంచి సెటప్ నడపండి. ఫోల్డర్ డెస్క్‌టాప్ మీద వద్దు, డీ డ్రైవ్‌లో నేరుగా చిన్న ఇంగ్లీషు పేరుతో పెట్టండి, స్పేసులు లేకుండా. మళ్లీ కమాండ్ కొట్టాల్సి వచ్చినప్పుడు మీకే సుఖం. సగం కేసులు ఇక్కడే తేలిపోతాయి, మిగతాది చదవాల్సిన పని కూడా ఉండదు.

తేలలేదా, అయితే లోపల ఎవరెవరు ఏం పని చేస్తారో కొంచెం తెలుసుకోవాలి. తెలిస్తే భయం పోతుంది.

డ్రైవర్ అంటే ఒక ఫైల్ కాదు, ఒక మూట. అందులో ఐఎన్ఎఫ్ అనే ఫైల్ ఉంటుంది, అది కిరాణా కొట్టుకి పంపే సామాన్ల చీటీ లాంటిది. ఏ పరికరానికి, ఏ ఫైల్, ఎక్కడ పెట్టాలి, విండోస్ సెట్టింగులు రాసుకునే రిజిస్ట్రీలో ఏం రాయాలి, అన్నీ అందులో మామూలు అక్షరాల్లోనే ఉంటాయి, నోట్‌ప్యాడ్‌లో తెరిచి చదవొచ్చు. ఎస్‌వైఎస్ అని చివర ఉండేది అసలు పనిచేసే డ్రైవర్. సీఏటీ అని ఉండేది సీలు. మూటలో ప్రతి ఫైల్ వేలిముద్ర అందులో ఉంటుంది, చీటీలో ఒక్క అక్షరం మార్చినా సీలు సరిపోదు.

ఇక చీటీ చదివి సామాను సర్దే వాళ్లే ఈ డీఎల్ఎల్‌లు. సెటప్ఏపీఐ డాట్ డీఎల్ఎల్ చీటీ చదువుతుంది. న్యూడెవ్ డాట్ డీఎల్ఎల్ కొత్త పరికరానికి సరిపోయే డ్రైవర్‌ని దానికి తగిలిస్తుంది, అప్‌డేట్ డ్రైవర్ నొక్కితే వచ్చే కిటికీ వెనకాల ఉండేదీ అదే. సీఎఫ్‌జీఎంజీఆర్32 డాట్ డీఎల్ఎల్ ఏ పరికరం ఎక్కడ తగిలి ఉందో లెక్క చూస్తుంది. ఈ మూడూ విండోస్ సొంత మనుషులు, సిస్టమ్32లో ఎప్పుడూ ఉంటాయి, వాటిని బయటి నుంచి తెచ్చే అవసరం ఏ రోజూ రాదు. డీఐఎఫ్ఎక్స్ఏపీఐ సంగతి వేరు. అది మధ్యవర్తి. కంపెనీవాళ్లు తమ సెటప్ ఒక్క నొక్కుతో పని ముగించేలా చేయడానికి మైక్రోసాఫ్ట్ ఇచ్చిన లైబ్రరీ అది, చాలా కంపెనీలు సెటప్ పక్కనే దాన్ని పెట్టి ఇచ్చేవి. మైక్రోసాఫ్ట్ ఇప్పుడు దాన్ని పక్కన పెట్టేసింది, పాత పరికరాల సీడీల్లోనే ఎక్కువగా తగులుతుంది. సెటప్‌కి తోడుగా వచ్చే డీఎల్ఎల్‌లలో ఇంకో రకం ఉంది, డబ్ల్యూడీఎఫ్ కోఇన్‌స్టాలర్ అనే పేరు, చివర 01009 లాంటి అంకెలు. ఆ అంకెలకు అర్థముంది. 01009 అంటే డ్రైవర్లు ఆధారపడే మైక్రోసాఫ్ట్ చట్రం, డ్రైవర్ ఫ్రేమ్‌వర్క్, 1.9 వెర్షన్, అది విండోస్ 7తో వచ్చింది. 01011 అంటే 1.11, విండోస్ 8తో వచ్చింది. ఇవి కూడా మూటతో పాటే రావాలి, విడిగా దొరికినవి పెట్టకూడదు.

మధ్యవర్తి లేకపోయినా పని ఆగదు. చీటీ మన చేతిలో ఉంటే చాలు, విండోస్ సొంత మనుషులే పని పూర్తిచేస్తారు. ఈ ఒక్క విషయం తెలియక ఎంతోమంది ఊరూపేరూ లేని సైట్ల నుంచి డీఎల్ఎల్‌లు తెచ్చి సిస్టమ్32లో పోస్తున్నారు. నాకు నిజంగా బాధ కలిగేది ఇక్కడే. అందులో చాలామంది ఆ కంప్యూటర్ మీదే బ్యాంకు పని చేస్తారు, ఆధార్ పని చేస్తారు. డీఎల్ఎల్ అంటే ఫొటో కాదు, నడిచే ప్రోగ్రామ్. సెటప్ పక్కనే ఒక డీఎల్ఎల్ పెడితే, మామూలుగా సిస్టమ్32 కంటే ముందు దాన్నే అందుకుంటుంది, అదీ మీరు అడ్మిన్ అనుమతి ఇచ్చాక. ఎవరు తయారుచేశారో తెలియని ఫైల్‌కి ఇంటి తాళాలన్నీ ఇచ్చినట్టే కదా.

సరే, చేతల్లోకి దిగుదాం.

మొదట, మీది 32-బిట్ విండోసా, 64-బిట్ విండోసా చూసుకోండి. సెట్టింగ్స్‌లో సిస్టమ్, అందులో అబౌట్, అక్కడ సిస్టమ్ టైప్ అని రాసి ఉంటుంది. విండోస్ 11 అయితే చూడక్కర్లేదు, అందులో 32-బిట్ రకం లేదు. ఇక్కడ ఒక మెలిక ఉంది, చాలామంది పొరబడేది. 64-బిట్ విండోస్‌లో 64-బిట్ ఫైళ్లుండేది సిస్టమ్32 అనే ఫోల్డర్‌లో, 32-బిట్ ఫైళ్లుండేది సిస్‌వావ్64 అనే ఫోల్డర్‌లో. పేర్లు తిరగేసి ఉంటాయి, పాత ప్రోగ్రాములు చెడకుండా అలా వదిలేశారు. మాస్టారికి వచ్చిన ఆ పొడుగాటి నంబరు ఇదే, 32, 64 కలగాపులగమైతే వచ్చేది. ఆయన వేసిన ఫైల్‌ని తీసేసి, రీసైకిల్ బిన్ కూడా ఖాళీ చేసి, ఒకసారి వైరస్ స్కాన్ నడిపాకే నేను ముందుకెళ్లాను. మీరూ బయటి డీఎల్ఎల్ ఏదైనా వేసి ఉంటే ముందు అదే చేయండి. అయితే తీసేది మీరు వేసినదాన్ని మాత్రమే, విండోస్‌తో వచ్చినదాన్ని కాదు.

రెండోది, ఆ పరికరం అసలు పేరు కనుక్కోవడం. పెట్టె మీద రాసిన పేరు కాదు, లోపలి చిప్ చెప్పే పేరు. దీనికి మా దగ్గరి జీడిపప్పు కార్ఖానా ఉదాహరణ చెబుతాను. వాళ్లు ఎలక్ట్రానిక్ కాటాను కంప్యూటర్‌కి కలుపుదామని యూఎస్‌బీ కేబుల్ ఒకటి కొన్నారు, ఒక పక్క యూఎస్‌బీ, ఇంకో పక్క తొమ్మిది పిన్నుల పాత సీరియల్. కవర్ మీద కంపెనీ పేరు లేదు, సీడీ లేదు, బిల్లు కూడా లేదు. తగిలిస్తే, కంప్యూటర్‌లోని పరికరాలన్నిటి జాబితా చూపించే డివైస్ మేనేజర్‌లో పసుపు పచ్చ గుర్తుతో "యూఎస్‌బీ సీరియల్" అని మాత్రం వచ్చింది.

అప్పుడు చేయాల్సిందిది. స్టార్ట్ బటన్ మీద రైట్ క్లిక్ చేసి డివైస్ మేనేజర్ తెరవండి. పసుపు గుర్తున్న దాని మీద రైట్ క్లిక్, ప్రాపర్టీస్. జనరల్ ట్యాబ్‌లో కోడ్ 28 అని ఉంటే డ్రైవర్ అసలు లేదని అర్థం, అది మంచిదే, చెడిపోయిన పాతది అడ్డం లేదన్నమాట. పక్కన డీటెయిల్స్ ట్యాబ్‌కి వెళ్లండి, ప్రాపర్టీ అనే పెట్టెలో హార్డ్‌వేర్ ఐడీస్ ఎంచుకోండి. రెండు మూడు వరుసలు కనబడతాయి. కార్ఖానా కేబుల్‌కి వచ్చిన వరుసలో వీఐడీ 1ఏ86, పీఐడీ 7523 అని ఉంది. వీఐడీ అంటే చిప్ ఎవరు చేశారో, పీఐడీ అంటే వాళ్ల ఏ చిప్పో. 1ఏ86, 7523 కనబడితే అది సీహెచ్340 చిప్, చవక కేబుళ్లలో, ఆర్డ్యునో అనే చిన్న సర్క్యూట్ బోర్డుల నకళ్లలో ఎక్కువగా ఉండేది. 0403, 6001 అయితే ఎఫ్‌టీడీఐ వాళ్ల చిప్. 10సీ4, ఈఏ60 అయితే సిలికాన్ ల్యాబ్స్. 067బీ, 2303 అయితే ప్రొలిఫిక్. సీరియల్ కేబుళ్లలో నా కొట్టుకి వచ్చేవన్నీ దాదాపు ఈ నాలుగే. ఇంకేదైనా సరే పద్ధతి ఇదే. ఆ వరుస మీద రైట్ క్లిక్ చేసి కాపీ నొక్కి, నోట్‌ప్యాడ్‌లో దాచుకోండి, ఒక కాగితం మీద కూడా రాసుకోండి.

మూడోది, మూట ఎక్కడి నుంచి తేవాలి. మొదట చిప్ కంపెనీ లేదా ప్రింటర్ కంపెనీ సొంత సైట్. ల్యాప్‌టాప్ లోపలి పరికరమైతే ల్యాప్‌టాప్ కంపెనీ సపోర్ట్ పేజీ, అడుగున ఉన్న సీరియల్ నంబర్ కొడితే మీ మోడల్ డ్రైవర్లన్నీ చూపిస్తుంది. అక్కడ దొరక్కపోతే చాలామందికి తెలియని మంచి చోటు ఒకటుంది, మైక్రోసాఫ్ట్ అప్‌డేట్ క్యాటలాగ్. ఆ సైట్‌లో వెతికే పెట్టెలో పరికరం పేరు కాకుండా, వీఐడీ నుంచి పీఐడీ అంకెల దాకా ఉన్న ముక్క యథాతథంగా అతికించండి. వచ్చిన జాబితాలో మీ విండోస్‌కి సరిపోయేది, తేదీలో కొత్తది దించుకోండి. అది సీఏబీ అనే మూటగా వస్తుంది, మూటలు విప్పే 7-జిప్ అనే ప్రోగ్రామ్‌తో తెరిచి ఒక ఫోల్డర్‌లోకి తీయాలి. ఈ సైట్‌లో ఉన్నవి సీలు పడిన డ్రైవర్లే కాబట్టి నాకు ధైర్యం. డ్రైవర్లన్నీ తానే వెతికి వేస్తానని చెప్పే సాఫ్ట్‌వేర్ల జోలికి మాత్రం వెళ్లకండి, ఒకటి బాగుచేసి నాలుగు పాడుచేసిన కంప్యూటర్లు నా బల్ల మీదికి ఎన్నో వచ్చాయి.

మా వైపు ఇంకో ఇబ్బంది. సరిహద్దు కదా, ఫోన్ సిగ్నల్ మాటిమాటికీ మారుతుంటుంది, పెద్ద ఫైల్ దించుతుంటే మధ్యలో తెగిపోతుంది, ఫైల్ ఉన్నట్టే కనబడుతుంది కానీ సగమే ఉంటుంది. సైట్‌లో రాసిన సైజు, మీ దగ్గరికి వచ్చిన సైజు పోల్చి చూడండి. తేడా ఉంటే మళ్లీ దించండి. లేకపోతే తర్వాత సీలు సరిపోలేదనే ఎర్రర్ వచ్చి, దేని వల్లో తెలియక రోజంతా పోతుంది.

నాలుగోది, కంపెనీ ఇచ్చింది సెటప్ ఫైల్ ఒక్కటే అయితే, అది మొరాయిస్తుంటే, దాన్ని 7-జిప్‌తో తెరిచి చూడండి. రైట్ క్లిక్, 7-జిప్, ఎక్స్‌ట్రాక్ట్. చాలా సెటప్‌లు లోపల మామూలు మూటలే, విప్పితే విడిపోతాయి. విడిపోయాక ఫోల్డర్లలో ఐఎన్ఎఫ్ ఫైల్ ఉందేమో వెతకండి. దొరికిందా, ఇక డీఐఎఫ్ఎక్స్ఏపీఐ దొరికినా దొరక్కపోయినా మనకు లెక్కలేదు.

ఆ ఐఎన్ఎఫ్‌ని నోట్‌ప్యాడ్‌లో తెరవండి, చదవడం పెద్ద కష్టం కాదు. పైన వెర్షన్ అనే భాగంలో డ్రైవర్‌వెర్ అని ఒక వరుస, దాని పక్కన తేదీ, వెర్షన్ నంబరు. ఆ తేదీలో నెల ముందు, రోజు తర్వాత ఉంటాయి, గుర్తుపెట్టుకోండి. తర్వాత కంట్రోల్, ఎఫ్ నొక్కి మీరు కాగితం మీద రాసుకున్న అంకెలు వెతకండి. దొరికితే చీటీ మీ పరికరానిదే. దొరక్కపోతే ఎంత నొక్కినా ఎక్కదు, వేరే మూట చూసుకోవాలి. మాన్యుఫాక్చరర్ అనే భాగంలో ఎన్‌టీ తర్వాత ఏఎండీ64 అని ఉంటే 64-బిట్‌కి పనికొస్తుంది. మీ ప్రాసెసర్ ఇంటెల్‌ది అయినా ఏఎండీ అనే ఉంటుంది, కంగారు పడొద్దు, 64-బిట్ పద్ధతి మొదట ఏఎండీ తెచ్చింది కాబట్టి ఆ పేరు. ఎక్స్86 మాత్రమే ఉంటే అది 32-బిట్‌కే. చదవండి, అంతే, ఏదీ మార్చకండి. అక్షరం మారితే సీలు పోతుంది.

ఐదోది, ఎక్కించడం. డివైస్ మేనేజర్‌లో పసుపు గుర్తున్న పరికరం మీద రైట్ క్లిక్ చేసి అప్‌డేట్ డ్రైవర్, తర్వాత "బ్రౌజ్ మై కంప్యూటర్ ఫర్ డ్రైవర్స్" ఎంచుకోండి, ఐఎన్ఎఫ్ ఉన్న ఫోల్డర్ చూపించండి, "ఇన్‌క్లూడ్ సబ్‌ఫోల్డర్స్" టిక్కు ఉంచి నెక్స్ట్ నొక్కండి. ఫోల్డర్ చూపించాలి, ఫైల్ కాదు. కార్ఖానా కేబుల్ ఇలాగే నిమిషంలో ఎక్కింది. ఐఎన్ఎఫ్ మీద నేరుగా రైట్ క్లిక్ చేసి ఇన్‌స్టాల్ నొక్కడం కూడా ఉంది, కానీ కొన్ని ఐఎన్ఎఫ్‌లకు ఆ దారి కుదరదని మెసేజ్ వస్తుంది, అది డ్రైవర్ చెడిపోయిందని కాదు, ఈ దారి వద్దు అని మాత్రమే. ఇంకో సంగతి, యూఎస్‌బీ ప్రింటర్లకు చాలావరకు ముందు డ్రైవర్, తర్వాత కేబుల్. సెటప్ అడిగే దాకా కేబుల్ గుచ్చకండి.

కమాండ్‌తో చేసే దారి నాకు ఇంకా ఇష్టం, ఎందుకంటే ఏం జరిగిందో అక్కడికక్కడే రాసి చూపిస్తుంది. స్టార్ట్‌లో సీఎండీ అని కొట్టి, కమాండ్ ప్రాంప్ట్ మీద రైట్ క్లిక్ చేసి రన్ యాజ్ అడ్మినిస్ట్రేటర్ నొక్కండి. అందులో టైప్ చేయాల్సిన ప్రోగ్రామ్ పేరు పీఎన్‌పీయుటిల్. పీ, ఎన్, పీ, యూ, టీ, ఐ, ఎల్, ఏడక్షరాలూ కలిపి ఇంగ్లీషులో. తర్వాత స్పేస్ ఇచ్చి, స్లాష్ పెట్టి యాడ్, హైఫన్, డ్రైవర్. మళ్లీ స్పేస్ ఇచ్చి మీ ఫోల్డర్ దారి, దాని చివర బ్యాక్‌స్లాష్, స్టార్, డాట్, ఐఎన్ఎఫ్. మళ్లీ స్పేస్, స్లాష్, సబ్‌డిర్స్, అంటే ఎస్, యూ, బీ, డీ, ఐ, ఆర్, ఎస్. చివరగా స్పేస్, స్లాష్, ఇన్‌స్టాల్. ఎంటర్. విండోస్ 10లో 1607 వెర్షన్ నుంచి, విండోస్ 11 అన్నింటిలోనూ ఈ పద్ధతి పనిచేస్తుంది. విండోస్ 7లో అయితే స్లాష్‌లకు బదులు హైఫన్ ఐ, హైఫన్ ఏ, తర్వాత ఐఎన్ఎఫ్ దారి. పని జరిగితే ఓఈఎం, దాని పక్కన ఏదో అంకె, డాట్ ఐఎన్ఎఫ్ అని ఒక కొత్త పేరు చూపిస్తుంది. ఆ పేరు రాసుకోండి, తీసేయాల్సి వస్తే అదే ఆధారం.

ఇలా ఎక్కిన ప్రతి మూటనూ విండోస్ ముందు డ్రైవర్‌స్టోర్ అనే గోదాములో పెట్టుకుంటుంది, విస్టా రోజుల నుంచి ఇదే పద్ధతి. సిస్టమ్32 లోపల డ్రైవర్‌స్టోర్, దాని లోపల ఫైల్‌రిపోజిటరీ. అక్కడ మనం చేత్తో ఏదీ చెరపకూడదు. తప్పు డ్రైవర్ ఎక్కి, తీసేసినా మళ్లీ మళ్లీ వస్తోందంటే గోదాములో ఉండిపోయిందని అర్థం. అప్పుడు పీఎన్‌పీయుటిల్, స్పేస్, స్లాష్, ఎన్యూమ్ హైఫన్ డ్రైవర్స్ కొడితే బయటి కంపెనీల డ్రైవర్లన్నీ వరసగా చూపిస్తుంది. కంపెనీ పేరు, తేదీ చూసి మీకు కావాల్సింది పోల్చుకుని, మళ్లీ పీఎన్‌పీయుటిల్, స్పేస్, స్లాష్, డిలీట్ హైఫన్ డ్రైవర్, స్పేస్, ఆ ఓఈఎం పేరు, స్పేస్, స్లాష్, అన్ఇన్‌స్టాల్ అని కొడితే పరికరం నుంచీ గోదాము నుంచీ రెండింటి నుంచీ పోతుంది. ఓఈఎం అంకె తప్పు కొడితే వేరే డ్రైవర్ పోతుంది కాబట్టి ఎంటర్ నొక్కే ముందు రెండోసారి చూసుకోండి.

ఇంత చేసినా ఎక్కలేదనుకోండి, ఊహించొద్దు, విండోస్ స్వయంగా రాసుకున్న డైరీ చదవండి. సీ డ్రైవ్, విండోస్, ఐఎన్ఎఫ్ అనే ఫోల్డర్‌లో సెటప్ఏపీఐ డాట్ డెవ్ డాట్ లాగ్ అనే ఫైల్ ఉంటుంది. చాలా పెద్దది. తెరిచి చివరికి వెళ్లండి, కొత్తవన్నీ అడుగునే ఉంటాయి. వరుస మొదట్లో మూడు ఆశ్చర్యార్థకాలు పక్కపక్కన ఉన్నాయంటే అక్కడే దెబ్బ తగిలింది, ఒక్కటే ఉంటే హెచ్చరిక మాత్రమే. ఫైల్ హ్యాష్, అంటే ఇందాకటి వేలిముద్ర, క్యాటలాగ్‌లో, అంటే సీలులో, లేదని ఉంటే, మూట సగమే దిగింది లేదా ఎవరో ఏదో మార్చారు, మళ్లీ దించండి. ఐఎన్ఎఫ్‌కి డిజిటల్ సంతకం లేదని ఉంటే, ఆ డ్రైవర్ వదిలేసి సంతకం ఉన్నది వెతకండి. సంతకం తనిఖీని ఆపేసి ఎక్కించే చిట్కాలు వీడియోల్లో చాలా ఉన్నాయి. డబ్బు పని, ఆధార్ పని చేసే కంప్యూటర్‌లో అది చేయొద్దని చేతులు జోడించి చెబుతాను.

ఎక్కాక కోడ్ 52 వస్తే అదీ సంతకం గొడవే. పాత విండోస్ 7లో అయితే కొత్త రకం సంతకాన్ని అది గుర్తుపట్టలేకపోవడం కావచ్చు, 3033929 నంబరు అప్‌డేట్ వేస్తే గుర్తుపడుతుంది. కోడ్ 39 అంటే డ్రైవర్ ఫైల్ పాడైంది లేదా కనబడడం లేదు, తీసేసి మళ్లీ ఎక్కించండి. కోడ్ 10 అంటే డ్రైవర్ ఉంది గానీ పరికరం లేవడం లేదు, ముందు కేబుల్, పోర్టు మార్చి చూడండి, ముందు పక్క పోర్టు వదిలేసి సీపీయూ వెనక పోర్టులో పెట్టండి.

సెటప్ఏపీఐ, న్యూడెవ్ లాంటి విండోస్ సొంత ఫైళ్ల పేరే ఎర్రర్‌లో వస్తే కథ మారుతుంది. మా దగ్గర కరెంటు అర్ధంతరంగా పోతుంటుంది, అప్‌డేట్ మధ్యలో కంప్యూటర్ ఆరిపోతే ఇలాంటివి దెబ్బతినొచ్చు. దీనికీ మందు విండోస్ లోపలే ఉంది. అడ్మిన్ కమాండ్ ప్రాంప్ట్‌లో మొదట డిజ్మ్, అంటే డీ, ఐ, ఎస్, ఎం, తర్వాత స్లాష్ ఆన్‌లైన్, స్లాష్ క్లీనప్ హైఫన్ ఇమేజ్, స్లాష్ రీస్టోర్‌హెల్త్, మధ్య మధ్య స్పేసులు. దీనికి నెట్ కావాలి, ఒక్కోసారి ఒకే అంకె దగ్గర చాలాసేపు ఆగుతుంది, మూసేయకండి. అది అయ్యాక ఎస్ఎఫ్‌సీ, స్పేస్, స్లాష్ స్కాన్‌నౌ, కలిపి ఒకే మాటగా. పాడైన ఫైళ్లను అదే వెతికి మంచి కాపీ పెడుతుంది. రీస్టార్ట్ చేసి మళ్లీ ప్రయత్నించండి. రెగ్‌ఎస్‌వీఆర్32 అనే కమాండ్‌తో ఈ డీఎల్ఎల్‌లను రిజిస్టర్ చేయమని ఎవరైనా చెబితే పట్టించుకోకండి, ఇవి ఆ రకం ఫైళ్లు కావు.

వేలిముద్ర మిషన్లు వాడేవాళ్లకు ఒక్క మాట. డ్రైవర్ వేరు, మిషన్ తీసిన వేలిముద్రను ఆధార్ పోర్టల్‌కి అందించే ఆర్‌డీ సర్వీస్ అనే ప్రోగ్రామ్ వేరు. డివైస్ మేనేజర్‌లో మిషన్ శుభ్రంగా కనబడుతూ ఆధార్ పోర్టల్‌లో మాత్రం "డివైస్ దొరకలేదు" అంటే డ్రైవర్‌ని కదపకండి. ఆర్‌డీ సర్వీస్ నడుస్తోందో లేదో సర్వీసెస్ జాబితాలో చూడండి. అది కంప్యూటర్ లోపలే 11100 నుంచి 11120 మధ్య ఏదో ఒక పోర్టులో పోర్టల్‌కి జవాబిస్తుంది, యాంటీవైరస్ ఆ దారి మూసేసినా ఇదే ఎర్రర్. పెన్షన్ డబ్బు కోసం కొండ మీది నుంచి దిగి వచ్చిన ముసలమ్మను "మిషన్ పనిచేయట్లేదు, రేపు రా అమ్మా" అని పంపేసే ముందు ఈ రెండు నిమిషాల పని చేయండి.

ఇంక ఇప్పుడే, ఏ గొడవా లేని రోజునే చేసుకోవాల్సిన పని ఒకటుంది. 2018 అక్టోబరులో తిత్లీ తుఫాను పలాస దగ్గర తీరం దాటి మా జిల్లాను చితకబాదినప్పుడు కరెంటు లేదు, టవర్లు లేవు. జనరేటర్ పెట్టి కంప్యూటర్ ఆన్ చేసినవాళ్లకు కూడా డ్రైవర్ దించుకునే దారి లేదు. అప్పటి నుంచి నా దగ్గరికి వచ్చే ప్రతి కంప్యూటర్ డ్రైవర్లనూ ఫార్మాట్ చేసే ముందు పెన్ డ్రైవ్‌లోకి తీసి పెడుతున్నాను. పెన్ డ్రైవ్‌లో ముందే ఒక ఖాళీ ఫోల్డర్ చేసుకోండి. అడ్మిన్ ప్రాంప్ట్‌లో పీఎన్‌పీయుటిల్, స్పేస్, స్లాష్, ఎక్స్‌పోర్ట్ హైఫన్ డ్రైవర్, స్పేస్, స్టార్, స్పేస్, ఆ ఫోల్డర్ దారి. బయటి కంపెనీల డ్రైవర్లన్నీ ఐఎన్ఎఫ్, సీలు, డీఎల్ఎల్‌లతో సహా మూటలు మూటలుగా అందులోకి వస్తాయి. కొత్తగా విండోస్ వేశాక ఇందాకటి యాడ్ డ్రైవర్ కమాండ్ ఈ ఫోల్డర్ మీద నడిపితే అన్నీ వాటంతటవే కూర్చుంటాయి, నెట్ అక్కర్లేదు.

బ్యాకప్ లేకుండా ఫార్మాట్ చేసేసి వైఫై డ్రైవర్ పోగొట్టుకున్నారా? వైఫై లేక నెట్ లేదు, నెట్ లేక వైఫై డ్రైవర్ లేదు. ఆండ్రాయిడ్ ఫోన్‌ని కేబుల్‌తో కలిపి, ఫోన్ సెట్టింగ్స్‌లో యూఎస్‌బీ టెథరింగ్ ఆన్ చేయండి. దానికి కావాల్సిన డ్రైవర్ విండోస్‌లో ముందే ఉంటుంది కాబట్టి ఫోన్ నెట్ కంప్యూటర్‌కి వస్తుంది, దాంతో వైఫై డ్రైవర్ దించుకోవచ్చు.

కాటా కేబుల్ లాంటిది ఎక్కించినవాళ్లకు చివర ఇంకో మెట్టు మిగిలి ఉంటుంది. డ్రైవర్ ఎక్కినా కాటా అంకెలు తెర మీదికి రాకపోతే, డివైస్ మేనేజర్‌లో పోర్ట్స్ కింద ఆ కేబుల్ పక్కన కామ్ ఎంతో, అంటే సీరియల్ పోర్టు నంబరు ఎంతో చూడండి. కార్ఖానాలో అది కామ్ 11 అని వచ్చింది, వాళ్ల బిల్లింగ్ సాఫ్ట్‌వేర్‌లో కామ్ 4 దాకా మాత్రమే ఎంచుకునే వీలుంది. ప్రాపర్టీస్, పోర్ట్ సెట్టింగ్స్, అడ్వాన్స్‌డ్, అక్కడ కామ్ 3కి మార్చి, కేబుల్ తీసి మళ్లీ గుచ్చాను. కాటా మీద పెట్టిన జీడిపిక్కల బస్తా బరువు తెర మీద పడింది. కేబుల్‌ని ఆ తర్వాత వేరే యూఎస్‌బీ పోర్టుకి మార్చితే నంబరు మళ్లీ మారిపోతుంది, అందుకని ఆ పోర్టు పక్కన స్కెచ్ పెన్నుతో "కాటా" అని రాసి వచ్చాను, మీరూ రాసుకోండి.